జర్మనీలో కనపడే బటన్

ఆ శుక్రవారం సాయంత్రం నేను చేసిన తప్పు ఒక్క మాట. కర్రీ పాయింట్ కౌంటర్ దగ్గర ఒక అమ్మాయి నన్నొక ప్రశ్న అడిగింది. దానికి సమాధానం మా కంపెనీలో అందరికంటే నాకే బాగా తెలుసు. అయినా "తెలీదమ్మా" అని, గుత్తివంకాయ డబ్బా తీసుకుని కారెక్కాను.

కెనడాలోని బర్నబీలో మా ఆఫీసు నుంచి ఇంటికి వెళ్లే దారిలో ఉండేదా కర్రీ పాయింట్. వారానికోసారి ఆగేవాణ్ణి. ఆ ఏళ్లలో ఎక్కడ చూసినా మన పిల్లలే కనిపించేవాళ్లు. ఒక భుజానికి కాలేజీ బ్యాగు, ఇంకో భుజానికి పని యూనిఫాం ఉన్న సంచీ. ఈ అమ్మాయిది సిద్దిపేట వైపు. కాలేజీలో బిల్డింగ్ డ్రాయింగ్ డిప్లొమా చదువుతూ సాయంత్రాలు ఇక్కడ కూరలు ప్యాక్ చేసేది. చాలా నెలలుగా ముఖపరిచయం. ఆ రోజు నా జాకెట్ మీద కంపెనీ గుర్తు చూసి చేతిలో గరిటె పక్కన పెట్టేసింది.

మా కంపెనీ చేసేది బిల్డింగ్ ప్లాన్లు గీసే సాఫ్ట్‌వేర్. ఆ అమ్మాయి దాన్ని ఏడాదిగా వాడింది. గీసిన ప్రతి గీతా మా సర్వర్లలోనే ఉంటుంది. ఆ నెలలో కాలేజీవాళ్లు వేరే సాఫ్ట్‌వేర్ ఉచితంగా ఇచ్చేసరికి మాది మానేసింది. మానేస్తే కొత్తవి గీయడం కుదరదు, పాతవి తెరుచుకుంటాయి అనుకుంది. మర్నాడు చూస్తే అకౌంట్ మొత్తానికి తాళం పడింది. లోపల ఇరవై రెండు షీట్లు. ఒక చిన్న ఆరోగ్య కేంద్రం ప్లాను, అదే ఆమె ఫైనల్ ప్రాజెక్ట్. సోమవారం ఇవ్వాలి. ఇవ్వకపోతే ఆ సబ్జెక్ట్ మళ్లీ మొదటినుంచి చదవాలి, ఆలోగా స్టడీ పర్మిట్ గడువు దాటిపోతుంది. కస్టమర్ సపోర్ట్‌కి మూడుసార్లు రాసింది. "మీరు అంగీకరించిన షరతుల ప్రకారం" అని మొదలయ్యే ఒకే జవాబు మూడుసార్లూ వచ్చింది.

ఇదంతా గబగబా చెప్పి ఫోన్ నా ముందు పెట్టింది.

"అంకుల్, ఇది మా కజిన్ పంపింది. ఆమె జర్మనీల ఉంటది. సేమ్ సాఫ్ట్‌వేర్. ఆమె గూడ మానేసింది. ఆమెకు ఈడ బటన్ వచ్చింది చూడండి, 'మీ పని డౌన్‌లోడ్ చేసుకోండి' అని. నాకెందుకు రాలేదు?"

నేను ఫోన్ చేతిలోకి తీసుకోలేదు. తీసుకోనక్కర్లేదు. ఆ బటన్ రంగు, మూలలు ఎంత గుండ్రంగా ఉండాలో కూడా నేను నిర్ణయించినవే.

"వెర్షన్ తేడా అయుంటుంది. నాకు తెలీదమ్మా" అన్నాను.

"గంతేనా అంకుల్" అంది. వెనక ఎవరో పప్పు అడిగితే అటు తిరిగింది.

ఆ బటన్ కథ ఏడాదిన్నర వెనక్కి వెళ్తుంది. డిజిటల్ సరుకుల ఒప్పందాల మీద యూరప్ కొత్త నియమాలు తెచ్చింది. అక్కడి ఇరవై ఏడు దేశాలూ వాటిని తమ తమ చట్టాల్లో రాసుకున్నాయి. మా కంపెనీ లాయరు టొరంటో నుంచి వీడియోలో వచ్చి వివరించింది. నేను లా చదివినవాణ్ణి కాను. నాకు అర్థమైంది ఇంతే. వినియోగదారుడు ఒప్పందం ముగించినా, అతను తయారుచేసుకున్నది అతనికి ఇవ్వాలి. ఒప్పందంలో "ఇవ్వం" అని రాసుకుని, అతని చేత ఒప్పుకున్నాననిపించినా, ఆ రాత చెల్లదు. ఇద్దరు మనుషుల మధ్య కుదిరిన కాగితంలోకి చట్టం చెయ్యి పెట్టి ఒక వాక్యాన్ని కొట్టేస్తుందన్నమాట. పెద్ద కంపెనీ చిన్న మనిషి మెడ మీద కాలు పెట్టి సంతకం తీసుకుంటుందని ఆ చట్టం రాసినవాళ్లకు ముందే తెలుసు.

కెనడాలో మేము అలాంటిది ఇవ్వాలా అని ఎవరో అడిగారు. ఇక్కడ వినియోగదారుల చట్టం ఒక్కో రాష్ట్రానికి ఒక్కోటి, ఈ విషయం ఇంత స్పష్టంగా ఎక్కడా లేదు అని లాయరు చెప్పింది. మా మేనేజర్ కుర్చీలో వెనక్కి వాలాడు. తన పనిని బయటికి తీసుకెళ్లలేనివాడు మన దగ్గరికే తిరిగొస్తాడు కదా అని నవ్వాడు. మేమూ నవ్వాం.

ఆ బటన్ అందరికీ ఇవ్వడం రెండు రోజుల పని. కొందరికే ఇవ్వాలంటే వారం పడుతుంది. అడ్రసు చూడాలి, దేశాల జాబితా పెట్టాలి, జాబితాలో లేనివాళ్ల తెర మీద నుంచి దాన్ని దాచాలి. ఆ వారం పని చేశాను. బ్రిటన్ యూరప్ నుంచి బయటికెళ్లిపోయింది కదా అని గుర్తుచేసి మరీ దాన్ని జాబితాలోంచి తీసేశాను. ఎంత జాగ్రత్తగా ఆలోచించావో అని మెచ్చుకుంటూ అందరికీ మెయిల్ పెట్టారు. అది ప్రింట్ తీసి ఇంట్లో ఫ్రిజ్ మీద అంటించాను. అదిప్పుడు తలుచుకుంటే నా చెంప నేనే వాయించుకోవాలనిపిస్తుంది.

శనివారం మధ్యాహ్నం ఒక రిటైర్డ్ డాక్టరు గారింట్లో పాట్‌లక్, తలా ఒక వంటకం తెచ్చే విందు. పది కుటుంబాలు. ఆ రోజుల్లో ఏ పాట్‌లక్‌లోనైనా సగం మాటలు స్టూడెంట్ల గురించే. ఒకే ఇంట్లో పదిమంది ఉంటారు, చెత్త బయట పెట్టరు, బస్టాపులో గట్టిగా మాట్లాడతారు. ముప్పై ఏళ్ల కిందట తాము కూడా ఒకే గదిలో ఆరుగురు ఉన్నామని ఎవరికీ గుర్తు రాదు. ఆ మాటల్లో నా వంతు ఎప్పుడూ ఉండేది. వీళ్లు చదవడానికే వచ్చారు కానీ ఒక్క కాగితం చదవరు అని నేనొకసారి అన్న జోకు ఆ బృందంలో చాలాకాలం నడిచింది.

ఆ రోజు డాక్టరు గారు మళ్లీ అదే ఎత్తుకున్నారు. ఎవరో కుర్రాడు ఫోన్ కాంట్రాక్టులో ఇరుక్కున్నాడట.

"చూడకుండా ఐ అగ్రీ నొక్కేస్తారండీ. తర్వాత అంకుల్, అంకుల్ అంటూ మన మీద పడతారు. మీ జోకేంటది, చెప్పండి" అని నా వైపు చూశారు.

పులిహోర ప్లేటు పక్కన పెట్టాను.

"డాక్టరు గారూ, మీ ఫోన్లో ఎన్ని యాప్స్ ఉన్నాయి? ఒక్కదాని షరతులైనా చదివారా?"

"నాకేం అవసరమయ్యా?"

"జర్మనీలో ఉన్న పిల్ల కూడా చదవలేదండీ. చదవకపోయినా ఆమె పని ఆమెకు దక్కింది. ఇక్కడి పిల్లది మాత్రం మేం లాక్కున్నాం. తేడా చదవడంలో లేదు, అడ్రసులో ఉంది."

ఏ జర్మనీయో, ఏ పిల్లో అక్కడ ఎవరికీ అర్థం కాలేదు. నేను ఆగలేదు. అలాంటి షరతులు ఎవరూ చదవలేనట్టే రాస్తాం, చదవరనే రాస్తాం, చదవలేదని మళ్లీ మనమే తిడతాం అని గొంతు పెంచాను. మన పిల్లలు కాబట్టి మనం అడగాల్సింది పోయి, ఇక్కడ కూర్చుని వడలు తింటూ ఎగతాళి చేస్తున్నాం అన్నాను. ఆ 'మనం'లో నన్ను తెలివిగా నలుగురి మధ్య దాచుకున్నాను. డాక్టరు గారి భార్య పెరుగు గిన్నె తెచ్చి నా ముందు పెట్టారు. ఆఫీసులో ఏమైనా గొడవా అని ఎవరో మెల్లగా అడిగారు.

తిరిగొచ్చేటప్పుడు మా ఆవిడ డ్రైవ్ చేసింది. కారులో మొత్తం చెప్పాను. బటన్, జాబితా, ఫ్రిజ్ మీద కాగితం, శుక్రవారం అబద్ధం. కంపెనీని తిట్టాను. మేనేజర్ని తిట్టాను. సముద్రం అవతలివాళ్లకున్న పాటి బుద్ధి ఇక్కడి చట్టం రాసేవాళ్లకు లేదా అని, ప్రతి మాటకీ సారీ చెప్పే ఈ దేశాన్ని కూడా తిట్టాను. ఆవిడ రెండో సిగ్నల్ దగ్గర కారాపి నా వైపు తిరిగింది.

"ఆ కొట్టు రేపెన్నింటికి తీస్తారు?" అంది.

ఆదివారం పదకొండింటికి వెళ్లాను. ఆ అమ్మాయి లోపల కూరగాయల క్రేటు మీద లాప్‌టాప్ పెట్టుకుని ఉంది. ప్రాజెక్ట్ మొదటినుంచి మళ్లీ గీస్తోంది. అప్పటికి ఎనిమిది షీట్లయ్యాయి. కళ్లు ఉబ్బి ఉన్నాయి. ఓనరు ఆర్డర్లు తనే చూసుకుంటూ ఆమెను కదిలించడం లేదు. నేను ఏడాదిన్నర కిందట మెప్పు కోసం చేసిన పని ఒక మనిషి వీపు వంచి ఇలా కూర్చోబెట్టింది. అప్పుడు నాకు వచ్చిన కోపాన్ని తీసుకెళ్లి పడేయడానికి డాక్టరు గారు గానీ మేనేజర్ గానీ ఎదురుగా లేరు.

"వెర్షన్ తేడా కాదమ్మా. నీకు అబద్ధం చెప్పాను. ఆ బటన్ చేసింది నేనే."

ఆమె ముందు ఫైలు సేవ్ చేసింది. ఆ తర్వాత తలెత్తింది.

"అయితే నాది తీసేసింది మీరేనా?"

"తీసెయ్యలేదు. నీ అకౌంట్లో కూడా ఉంది. నీకు కనపడకుండా పెట్టాను. చట్టం ఇవ్వమన్న దేశాలవాళ్లకే చూపించాను."

అరుస్తుందనుకున్నాను. అరిచి ఉంటే నాకు తేలికగా ఉండేది.

"శుక్రవారం చెప్తే నాకు రెండు రోజులు మిగిలేటివి గద అంకుల్."

నా ఫోన్ తీసి ఆఫీసు సైటులోకి లాగిన్ అయ్యాను.

కస్టమర్ల అకౌంట్లు నా అంతట నేను తెరవకూడదు. ఆ నియమం సరైనదే. కానీ కస్టమర్ రాసిస్తే, ఉద్యోగి ఒకరు బాధ్యత తీసుకుంటే, సపోర్ట్ వాళ్లు తాళం తీయడానికి ఒక ఫారం ఉంది. దాని గురించి బయట ఎవరికీ తెలియదు. ఆ క్రేటు పక్కనే కూర్చుని నింపాం. కారణం రాయాల్సిన చోట, ఆ బటన్‌ను దాచింది నేను, అడిగినప్పుడు తెలియదని అబద్ధం చెప్పింది కూడా నేనే అని రాసి పేరు పెట్టాను. ఆదివారం అని చూడకుండా సపోర్ట్ సూపర్‌వైజర్‌కి ఫోన్ చేశాను. సోమవారం చూస్తానంది. చూసింది, కానీ తాళం తెరుచుకున్నది మంగళవారం పొద్దున.

అందుకే సోమవారం సెలవు పెట్టి ఆ అమ్మాయితో కాలేజీకి వెళ్లాను. ఆలస్యం ఆమెది కాదు, మా సాఫ్ట్‌వేర్ వల్ల, అందులో నా పని వల్ల అని ఉత్తరం రాసి తీసుకెళ్లాను. ఇన్‌స్ట్రక్టర్ రెండుసార్లు చదివి, మీరు ఈమె బంధువా అని అడిగాడు. కాదు, ఈ పని చేసినవాణ్ణి అన్నాను. బుధవారం దాకా గడువిచ్చాడు. ఇరవై రెండు షీట్లూ బుధవారం ఇచ్చింది. పాసయింది. మళ్లీ గీసిన ఎనిమిదీ, పోయిన ఆ రెండు రోజుల నిద్రా ఏ లెక్కలోకీ రాలేదు.

ఇక జాబితా. దాన్ని తీసేస్తానని మేనేజర్‌కి రాశాను. ఏ చట్టం అడుగుతోంది అన్నాడు. ఏదీ లేదన్నాను. అయితే ఎందుకన్నాడు. రెండోసారి రాశాను, అదే ప్రశ్న. మూడోసారి రాసే ముందు, దాచమన్నది నేను కాదు, లాయరేనని చూపిద్దామని పాత మీటింగ్ నోట్స్ తెరిచాను. ఇక్కడ ఇవ్వద్దని లాయరే చెప్పిందని ఇన్నాళ్లూ నాకు నేను చెప్పుకుంటూ వచ్చాను. నోట్స్‌లో అలా లేదు. ఇక్కడ చట్టం అడగడం లేదని మాత్రమే ఆమె చెప్పింది, అందరికీ ఇవ్వడం తేలిక కదా అని కూడా అంది. దాని కింద నా పేరు పక్కన ఉంది: "దేశాన్ని బట్టి దాచవచ్చు. నేను చేస్తాను." ఎవరూ అడగలేదు. నేనే చేయెత్తాను.

ఆ పేజీని మూడో ఉత్తరానికి జతచేసి లాయరుకి కూడా పంపాను. అందరికీ ఇవ్వడానికి తనకు ఏ అభ్యంతరమూ లేదని ఆమె ఒక్క లైను రాసింది. దాంతో ఒప్పుకున్నారు. వారం పట్టి కట్టినదాన్ని ఒక్క పూటలో తీసేశాను. మూతపడిన అకౌంట్లవాళ్లకు పంపే మెయిల్లో "సంతోషంగా అందిస్తున్నాం" అని ఉంటే ఆ సంతోషాన్ని కొట్టేసి, "ఇది మొదటి రోజే మీకు ఇవ్వాల్సింది" అని రాశాను. నా వాక్యం తీసేశారు. సంతోషాన్ని మాత్రం మళ్లీ పెట్టలేదు.

తర్వాత బర్నబీ అడ్రసుతో నా పేరు మీద ఒక అకౌంట్ తెరిచి, నాలుగు గోడలు, ఒక తలుపు గీసి, ఒప్పందం ముగించాను. బటన్ కనపడింది. దాని ఫొటో ఆ అమ్మాయికి పంపాను, ఇక అందరికీ కనపడుతుంది అని. ఆమె చూసినట్టు నీలి టిక్కులు పడ్డాయి, జవాబు రాలేదు. ఫ్రిజ్ మీది కాగితం చింపేసి, మర్నాడు పొద్దున్నే వెళ్లి సపోర్ట్ వాళ్ల పక్కన కుర్చీ వేసుకున్నాను. ఆ ఏడాదిన్నరలో మాకు రాసి, "షరతుల ప్రకారం" అనే జవాబు తీసుకుని ఊరుకున్నవాళ్ల ఉత్తరాలు పాతవాటి నుంచి వరసగా తెరిచి, ఒక్కొక్కరికీ నేనే రాయడం మొదలుపెట్టాను.