తుడిచేసిన పిండి

నేను రిటైరవడానికి రెండేళ్ల ముందు, అక్టోబరు మొదటి వారంలో, ఒదిల్ గారి సినిమాల పని నాకు అప్పగించారు. అప్పుడు నేను అమెరికాలో పిస్కాటవే ఊరి దగ్గర ఒక ఫిల్మ్ భాండాగారంలో సీనియర్ టెక్నీషియన్‌ని. పాత రీళ్లను ఫ్రేము ఫ్రేముగా స్కాన్ చేసి, గీతలూ మరకలూ తీసేసి, మళ్లీ తెర మీద ఆడేలా చేయడం మా ఉద్యోగం. శుభ్రమైన ప్రతి రీలుకూ చివరి సంతకం నాదే. అది నాకు కాస్త తలకెక్కిన మాట నిజం.

ఒదిల్ గారు ఫ్రెంచి దర్శకురాలు, ఎనభై దాటిన మనిషి. ఏ కంపెనీ పంచనా చేరకుండా జీవితమంతా సినిమాలు తీశారు. పిల్లలకు బొమ్మలాట, జాలర్ల మీద డాక్యుమెంటరీ, కోర్టులో నడిచే హాస్యం, ఒక హత్య కథ. ఒకదానికొకటి పోలికే ఉండదు. కెమెరా ఆవిడే, ఎడిటింగ్ ఆవిడే, మనిషి తక్కువైతే వేషమూ ఆవిడే. మొట్టమొదటిది మాత్రం పందొమ్మిదో ఏట అరువు కెమెరాతో తీసిన పన్నెండు నిమిషాల సినిమా. అందులో వాళ్లమ్మ వంటింటి కిటికీ దగ్గర పిండి జల్లిస్తూ ఉంటుంది, అంతే. ఒదిల్ గారికి చూపు పోతోంది. వేసవి నాటికి తెర మీద బొమ్మ ఆనదని డాక్టర్లు చెప్పేశారు. అమ్మను ఒక్కసారి పెద్ద తెర మీద చూసుకోవాలని అంత దూరం నుంచి వచ్చారు.

ఆవిడ వచ్చిన వారం, మేం శుభ్రం చేసిన ఆ సినిమాను మంగళవారం వేసి చూపించాం. అద్దంలా ఉందని నేను లోలోపల మురిసిపోతున్నాను. ఆవిడ ఇంగ్లీషులో మెల్లగా అడిగారు. "అమ్మ చేతులు ఊగుతున్నాయి. పిండి ఏది?"

అప్పుడు అర్థమైంది నాకు. ఒక ఫ్రేములో కనబడి పక్క ఫ్రేములో లేని చుక్కను మా సాఫ్ట్‌వేర్ మురికి అనుకుని తుడిచేస్తుంది. ఎండలో ఎగిరే పిండి కూడా దానికి అలాగే కనబడుతుంది. మా ఇంట్లో జల్లెడ పడితే గదంతా పిండే కదా, నాకు ఆ మాత్రం తట్టలేదు! ఆ సాఫ్ట్‌వేర్ నడిపే శ్రావణి మొహమాటపడలేదు.

"సెట్టింగ్ ఫుల్‌లో పెట్టమన్నది మీరే కదండీ, మూర్తి గారూ. ఒకసారి రివ్యూ చేద్దామంటే అక్కర్లేదన్నారు."

అన్న మాట నిజమే. ఒప్పుకున్నాను.

ఏమీ తుడవని అసలు స్కాన్ ఒకటి విడిగా దాచడం మా నియమం. అదొక్కటే నా పరువు కాపాడింది. ఆవిడ ఫ్లైట్ శనివారం. తుడవాల్సినవి ఈసారి చేత్తోనే తుడవాలి. కానీ ఏది పిండో, ఏది మురికో మాకేం తెలుసు? సిగ్గు విడిచి ఆవిడనే వచ్చి కూర్చోమని అడిగాను. మూడు రోజులు మానిటర్‌కి ముక్కు ఆనించి, వేలితో చూపిస్తూ వచ్చారు: "ఇది అమ్మది. ఇది రీలు కడిగిన ల్యాబ్‌ది." మధ్యాహ్నాలు శ్రావణి తెచ్చిన పులిహోర ముగ్గురం తినేవాళ్లం. ఆ మూడు రోజులూ ఆవిడంటే నాకు ఎంత ప్రేమ కలిగిందో చెప్పలేను.

శుక్రవారం మధ్యాహ్నం మళ్లీ వేశాం. కిటికీ వెలుగులో పిండి రాలింది. ఆవిడ నా చెయ్యి పట్టుకుని, "ఇప్పుడు అమ్మ పని చేస్తోంది" అన్నారు. నాకు కళ్లనీళ్లు ఆగలేదు.

ఆ తర్వాత రిటైరయ్యేదాకా, తీసినవాళ్లు బతికుంటే వాళ్లు పక్కన కూర్చోకుండా మొదటి ఫ్రేము కూడా ముట్టుకోనివ్వలేదు. వాళ్లు లేని రీళ్లలో, అనుమానం వచ్చిన ప్రతి చుక్కనూ అలాగే వదిలేశాను.