దూది చుట్టుకుని తెగిన బెల్టు

మా చిన్నప్పుడు... చేవెళ్లలో మా ఉమ్మడి ఇంట్లో, తెల్లవారకముందే నా మంచం పక్కన చీపురు మొదలయ్యేది. ఊడ్చేది మా పెద్దమ్మ. దుమ్ము లేవగానే నాకు ఆయాసం... మంచం పట్టె పట్టుకుని కూర్చుని, గాలి కోసం నోరు తెరిచేదాన్ని.

"పొద్దుగాలనే షురు చేసింది నాటకాలు" అనేది పెద్దమ్మ. చీపురు మాత్రం ఆగేది కాదు.

ఈ పిల్ల ఉన్నచోట దుమ్ము లేవకూడదని దవాఖానలో డాక్టరు గట్టిగా చెప్పాడు. మా బాపు అజీజ్‌నగర్‌లో ఒక ఫామ్‌హౌస్‌కు పాలు పోసేవాడు. వాళ్ళు కొత్తది కొనుక్కుని పాత వాక్యూమ్ క్లీనర్ వదిలించుకుంటుంటే అడిగి తెచ్చాడు. నిలబెట్టి తోసే రకం... కింద గుండ్రటి బ్రష్షు, దాన్ని తిప్పడానికి ఒక నల్లటి రబ్బరు బెల్టు. మా ఇంట్లో దాని పేరు దుమ్ము మిషన్. అది వచ్చాక కొన్నాళ్ళు తెల్లారేదాకా పడుకున్నాను. ఆ సుఖం ఇప్పటికీ గుర్తుంది.

పెద్దమ్మకు అది కంట్లో నలుసైంది. "ఇల్లూడ్వ చేతగానోళ్ళకు మిషన్లు" అని ఇంటికొచ్చిన వాళ్ళందరికీ చెప్పేది.

మా దగ్గర పత్తికి ధర వచ్చేదాకా ఇంట్లోనే పోసి ఉంచుతారు. మా పెద్దర్ర... అంటే పెద్ద గది, దాని నిండా పత్తే ఉండేది. ఆ ఏడు పత్తిని బండికెత్తాక నేలంతా దూది పోగులు... పెద్దమ్మ ఎవరినీ అడగకుండా మిషన్ తీసుకెళ్ళి ఆ అర్రలో తిప్పింది. దూది బ్రష్షుకు చుట్టుకుని బిగుసుకుపోయింది. బెల్టు కాలి తెగింది. ఇల్లంతా రబ్బరు కంపు. ఆవిడ మిషన్‌ను మూలన పెట్టి, ఏమీ ఎరగనట్టు బియ్యం చెరుగుతూ కూర్చుంది.

"మిషన్ గిట్ల ఎవలు జేసిన్రక్కా?" అని అమ్మ అడిగింది.

"నీ మిషన్ ముచ్చట నాకేమెరుక?"

చీపురు మళ్ళీ వచ్చింది. నా ఆయాసమూ వచ్చింది.

బెల్టు పట్నంలోనే దొరుకుతుంది. పెద్దమ్మ భర్త, మా పెద్దబాపు, ఎవరో నాయకుడి వెంట రోజూ పట్నం వెళ్ళేవాడు. అన్నను తొందరపెట్టే ధైర్యం మా బాపుకు లేదు. ఇక అమ్మ... మా ఇంట్లో చిన్నకోడలు బావగారి ఎదుటకు రాకూడదు, నేరుగా మాట్లాడకూడదు. తలుపు వెనక నిలబడి నాతో చెప్పించేది.

"పెద్దబాపుకు బెల్టు యాది జెయ్యి బిడ్డా."

ఆ మాట ఆయనకు స్పష్టంగా వినబడేది. అయినా నేను మళ్ళీ చెప్పేదాకా ఆగి, "తెస్త అని చెప్పు మీ అమ్మకు" అనేవాడు. తెచ్చేవాడు కాదు. ప్రతి సాయంత్రం ఇదే తంతు... ఊళ్ళో ఎవరి పింఛను ఆగిందో, ఎవరి రేషన్ కార్డు రాలేదో అన్నీ గుర్తుండేవి ఆయనకు. ఇంట్లో పిల్లకు ఊపిరాడటం లేదన్న సంగతి మాత్రం గుర్తుండేది కాదు.

ఒక పొద్దున ఆయాసం ఎక్కువై నా పెదవులు నీలంగా మారాయి. బాపు నన్నెత్తుకుని దవాఖానకు పరిగెత్తాడు, వెనక అమ్మ. మందు పడి మేం ఇంటికొచ్చేసరికి పెద్దబాపు వసారాలో తన మనుషులతో చాయ్ తాగుతున్నాడు. అమ్మ తలుపు వెనక్కి వెళ్ళలేదు. నేరుగా ఆయన ముందుకెళ్ళి నిలబడింది.

"బావా, మీతోని కాదు. రేపు నేనే పట్నం పోత. రేపటిసంది మా పొయ్యి వేరే."

చాయ్ తాగేవాళ్ళు తాగడం ఆపేశారు. పెద్దమ్మ లోపలి నుంచి ఉరికొచ్చింది.

"బావ మొఖం మీద మాట్లాడుతవా? సిగ్గు లేదానె?"

"సిగ్గువడుకుంట కూసుంటె పిల్ల సచ్చేదుండె" అంది అమ్మ. నన్ను భుజాన వేసుకుని ఉన్న బాపు కాదనలేదు.

మర్నాడు అమ్మ తెగిన బెల్టును కొంగున ముడేసుకుని బస్సెక్కింది. సాయంత్రం వచ్చి, మిషన్‌ను బోర్లించి, కింది రేకు మరలను కత్తి మొనతో విప్పింది. బ్రష్షుకు చుట్టుకున్న దూదిని కొడవలితో కోసి, పిడికెడు పిడికెడు తీసి పెద్దమ్మ కాళ్ళ దగ్గర పడేసింది. కొత్త బెల్టును మోటారు ఇరుసుకు తగిలించి, రెండో వైపు బ్రష్షుకు వేసి, పళ్ళు బిగబట్టి లాగి బ్రష్షును దాని చోట కూర్చోబెట్టింది. స్విచ్ వేస్తే తిరిగింది. అమ్మ మా అర్ర మొత్తం శుభ్రం చేసి, గడప దగ్గర ఆపేసింది.

కొన్నాళ్ళకు ఇంటి మధ్యలో గోడ లేచింది.

ఇప్పుడు ఎక్కడ చూసినా ఉమ్మడి కుటుంబాలు పోయాయని ఏడుపు పోస్టులే... మొన్న మా పెద్దమ్మ కొడుకు, నాకు అన్న, తనూ ఒకటి పెట్టాడు. కలిసి తిన్నాం, కలిసి పెరిగాం అని. నిజమే... గోడ లేచాక అన్నావాళ్ళతో ఆ చనువు మళ్ళీ రాలేదు. దానికి నాకూ బాధే. కానీ నాకు ఊపిరి నిండుగా ఆడింది ఆ గోడకు ఇవతలే.

మీ ఇంటి ఉమ్మడి రోజుల ముచ్చట్లు కూడా కింద రాయండి... కాకపోతే ముందు మీ ఇంటి చిన్నకోడలిని అడిగి రాయండి.