మౌస్ మీంచి తీసిన చెయ్యి

జమ్మికుంట పత్తి మార్కెట్‌లో నా ఉద్యోగపు చివరి ఏళ్లలో, కాంటా దగ్గర కంప్యూటర్ ఆపరేటర్‌గా ఒకమ్మాయి ఉండేది. కంప్యూటర్ ఏ ప్రశ్న అడిగినా ఆమె మౌస్ మీంచి చెయ్యి తీసి ఒళ్లో పెట్టుకునేది. మొదట్లో ఆ అలవాటు లేదు.

ఒక మధ్యాహ్నం ఆమె ఎవరూ వాడని పాత ప్రోగ్రామ్ ఒకటి తీసేస్తోంది. "ఈ ఉమ్మడి ఫైలును ఇంకే ప్రోగ్రామూ వాడుతున్నట్టు లేదు, తొలగించాలా?" అని తెర అడిగింది. ఆమె సరేనని నొక్కింది. మా తూకం ప్రోగ్రామ్‌లోని తేదీ గడీ, బటన్లూ ఆ ఫైలులోంచే వచ్చేవి. ఆ ప్రోగ్రామ్ ఇక తెరుచుకోలేదు. చేతితో రాసిన తూకం చీటీలు చెల్లవు కాబట్టి కాంటా ఆగిపోయింది. కరీంనగర్ సాఫ్ట్‌వేర్ వాళ్లు ఫైలు పంపేలోపే వాన కొట్టింది. వరుసలో ముందున్న ముసలి రైతు పత్తి తడిసింది, వ్యాపారి ధర తగ్గించాడు.

"నీ డబ్బ సల్లగుండ! ట్రాలీ పత్తి నానవెడితివి గదనే!" అన్నాడాయన, కంప్యూటర్ వైపు చెయ్యి చూపుతూ.

"నన్నడిగింది తాతా. ఎవ్వలు వాడ్తలేరనుకున్న" అంది ఆమె, ఏడుపు ఆపుకుంటూ.

మరుసటి ఏడు ఆయన మళ్లీ వచ్చాడు. తనను చూడగానే వాడిపోయిన ఆమె ముఖం చూసి నవ్వాడు.

"ఇంక గదే ఫికర్ చేస్తున్నవా బిడ్డా? నేనెప్పుడో మర్సిపోయిన. నువ్వు గూడ మర్సిపోరాదు?"

ఆయన చీటీ కోసం చెయ్యి చాపి నిలబడ్డాడు. "చీటీ ముద్రించాలా?" అని తెర అడిగింది. ఆమె మౌస్ మీంచి చెయ్యి తీసి ఒళ్లో పెట్టుకుంది.