వన్స్ మోర్ కోసం ఆగిన మనిషి

ఈ ఉదయం తలకు రాసుకుందామని కొబ్బరినూనె వెచ్చబెడితే, ఆ వాసనకు జగ్గారావు మావయ్య వాళ్ల అరుగు గుర్తుకొచ్చింది. బరంపురం ఇంకా ఒరిస్సాలో కలవక, మద్రాసు రాజధానిలోనే ఉన్న రోజులవి. మా పక్కింటి పసుపు వర్తకుల అన్నదమ్ముల్లో చిన్నవాడు ఆయన. నాటకాల్లో వేషాలు వేసేవాడు. రాజు కాదు, రాజు పక్కన నిలబడే మంత్రి. వీరుడు కాదు, వీరుడి కోసం చచ్చిపోయే తమ్ముడు. ఆట మర్నాడు అరుగు మీద కూర్చుని, చెవుల వెనక మిగిలిన రంగును నూనెగుడ్డతో తుడుచుకునేవాడు. ఆ గుడ్డ ఉతికేది ఆయన భార్య అచ్చమ్మత్త. ఆ ఇంటి ఆడవాళ్లు నాటకాలకు వెళ్లకూడదు. కాపురానికొచ్చిన నాటినుంచి ఆమె చూసిన నాటకమంతా ఆ గుడ్డకంటిన రంగే.

నేను నలుగురిలో నోరు విప్పలేని పిల్లను. పుస్తకం ఉంటే చాలు. మావయ్య అది కనిపెట్టి, తన సాధన కోసం రాజు పద్యాలు నన్ను చదవమన్నాడు. తలుపు వెనక నిలబడి చదివేదాన్ని. "ఇంకొంచెం గట్టిగా, పాపా. రాజువి నువ్వు, నాను నీ నౌకర్ని," అనేవాడు. నా గొంతు నాకు మొదటిసారి వినిపించింది ఆ తలుపు వెనకే. మీకు మాటల్లేవు కదా, సాధన దేనికని ఒకసారి అడిగాను. "యినడానికి. సెప్పేవోడి పని సులువు. పక్కనున్నోడు సరిగ్గా యినకపోతే ఆ పద్యం ఎవుడికీ ఎక్కదు," అన్నాడు.

పద్యం నచ్చితే జనం 'వన్స్ మోర్' అని అరిచేవారు. రాజు మళ్లీ పాడేవాడు. అంతసేపూ మావయ్య ఎలా ఉన్నవాడు అలాగే ఉండాలి. గిరిసోలలో ఒకసారి శవమై పడుకుంటే జనం ఆ పద్యాన్ని ఓ పట్టాన వదల్లేదట. "సెవిలోకి సీమ ఎల్లింది పాపా. సచ్చినోడు గోక్కుంటాడేటి?" అని నవ్వాడు. లోపలినుంచి వాళ్లన్నయ్య, "ఎప్పుడూ సావడమేనేటిరా? మాటున్న యేసం నీకెవుడూ ఇవ్వడా?" అన్నాడు. మావయ్య నవ్వు అక్కడే ఆగిపోయింది.

అలాంటి మనిషికి మద్రాసు టాకీలో మంత్రి వేషం దొరికింది. రాజు పద్యం ముగించాక ఒక మాట కూడా ఉంది: "ప్రభూ, రథం సిద్ధం." వెళ్లి వేసి, తిరిగొచ్చి వీధంతా చెప్పుకున్నాడు. ఆ టాకీ మా ఊరొచ్చినప్పుడు, హాల్లో ఆడవాళ్లకు వేరే చోటుంటుంది కనక అచ్చమ్మత్తకూ సెలవు దొరికింది. పట్టుచీర కట్టి, నన్ను తోడు తీసుకెళ్లింది.

తెర మీద రాజు పాడుతున్నాడు. పక్కన ఒక భుజం, కత్తి ఒర మీద ఆనిన చెయ్యి, అంతే.

"ఏడే మీ మావయ్య?"

"అదిగో అత్తా, ఆ చెయ్యి."

వంకర చిటికెనవేలు చూసి ఆమె పోల్చుకుంది. పద్యం అయింది. హాలంతా వన్స్ మోర్ అని అరిచింది. తెర ఆగలేదు. ఎవరో కొత్త మొహంవాడు ముందుకొచ్చి రథం మాట అన్నాడు. ఆ కేకల్లో అదీ వినిపించలేదు.

"ఈడెవుడే?" అంది అత్త.

ఇంటికొచ్చాక ఆమె అన్నం వడ్డిస్తూ, "సెయ్యి బాగా కనిపించింది," అంది. మావయ్య ముద్ద కింద పెట్టేశాడు.

మర్నాడు అరుగు మీద నాతో చెప్పాడు. "పద్యం అయ్యాక జనం అరవాలి, అరుపు అయ్యాక నా మాట. ఇన్నేళ్లూ అదే కదేటి? ఆగాను. అక్కడ జనమేరీ, పాపా? మళ్లీ తీశారు, మళ్లీ ఆగాను. ఆఖరికి సరిగ్గానే సెప్పాను. బాగుంది ఎల్లమన్నారు. నాను రైలెక్కాక ఇంకోడితో తీసినట్టున్నారు."

మళ్లీ రంగు పూసుకోలేదు. అన్న దుకాణంలో పసుపు తూస్తూ కూర్చున్నాడు. పోయేదాకా వీధి ఆయన్ని 'సెయ్యి జగ్గారావు' అనే పిలిచింది.

నాకు వినడం నేర్పింది ఆయనే. ఎవరైనా మాట ముగిస్తే ఇప్పటికీ ఒక్క క్షణం ఆగుతాను, ఇంకేమైనా అంటారేమోనని. నా మాట నోటిదాకా వచ్చే ఉంటుంది. ఈలోగా దాన్ని ఇంకెవరో అనేస్తారు.