మార్కులు తక్కువ వేయమన్న పిల్ల

భూపాలపల్లిలో నా ఆన్‌లైన్ సెంటర్‌కు వచ్చి, మార్కులు జర ఎక్కువ వేయమని బతిమాలేవాళ్లు చాలామందే ఉంటారు. తక్కువ వేయమన్న పిల్లను ఈ రోజే చూశాను.

టేకుమట్ల నుంచి తండ్రితో వచ్చింది. ఆమె చేరాలనుకున్న డిగ్రీ కాలేజీ ఫారంలో ఇంటర్ మార్కులు మనమే నింపాలి, మెమో తర్వాత చూస్తారు. ఎన్నమ్మా అంటే ఆరు వందల నలభై అంది. మెమోలో తొమ్మిది వందల నలభై ఉంది. తొమ్మిదిని తలకిందులుగా చదివావా అని నవ్వాను.

బయట బల్ల మీద కూర్చున్న తండ్రి వైపు చూసి ఆమె గొంతు తగ్గించింది.

"మా అన్న ఫెయిలైండు. మార్కుల మాటెత్తితే అన్నం ముడ్తలేడు. ఇంట్ల ఆరు వందల నలభై అనే చెప్పిన. ఫారం అన్న సూస్తడు, గదే ఎయ్యి."

తప్పు వేస్తే సీటు పోతుందని చెప్పి అసలువే వేశాను. ప్రింటు నా దగ్గరే దాస్తానన్నాను. ఆమె ఫొటోల కోసం పక్క షాపుకు పోగానే తండ్రి లోపలికొచ్చాడు.

"అసలు మార్కులే ఏసినవా సార్? వాళ్ల కాలేజీ సారు ఫోన్ జేసి చెప్పిండు. నాకెర్కయిందని బిడ్డకు చెప్పకు."

ఆమె తిరిగొచ్చింది. శాబాష్ అందామనుకున్నాను. తండ్రి పక్కనే ఉన్నాడు, అనలేకపోయాను. మీరైనా ఈ పోస్టు కింద ఆ ఒక్క మాట రాయండి. ఆమెకు చూపించలేను, అయినా రాయండి.