మేకపిల్ల కోసం ఆగిన బండి

రైళ్లు మాట్లాడతాయని రాధాబాయికి ఎవరూ కొత్తగా చెప్పనక్కరలేదు. జానకంపేట నుంచి బోధన్ పోయే లైను మీద ఇరవై రెండేళ్లు గేటు కాసిన మనిషి ఆమె. భర్త పోయాక ఆయన ఉద్యోగం, ఆయన జెండాలు ఆమె చేతికి వచ్చాయి. బండి ఒక పొడుగు కూత వేస్తే "వస్తున్న, జరుగుండ్రి" అని అర్థం. మూడు పొట్టి కూతలు వేస్తే "గార్డన్నా, నాతోని అయితలేదు, నువ్వన్న బ్రేకు కొట్టు" అని. బండి పని ఉంటేనే నోరు తెరుస్తుందని, ఊళ్లో చాలామంది పెద్దమనుషులకు ఆ బుద్ధి లేదని ఆమె అభిప్రాయం.

రిటైరయ్యాక ఇంట్లో కూర్చోవడం ఆమె వల్ల కాలేదు. ఒక రోజు ఊరి ప్రాథమిక బడికి పోయి, ఒకటో తరగతి పిల్లల ముందు కుర్చీ వేసుకుని కథ మొదలుపెట్టింది. ఎవరూ పిలవలేదు. పిలిచేదాకా ఆగే రకం కాదు ఆమె. ఆ రైలు కథలు విని పంతులు భానుప్రసాద్ ముచ్చటపడ్డాడు. చదువు అప్పుడే పట్టుబడుతున్న పిల్లల కోసం పేజీకి ఒక్క వాక్యం పెద్ద అక్షరాలతో రాసి, పక్కన బొమ్మ వేసి, జిరాక్స్ తీయించి చిన్న పుస్తకాలు కుట్టాడు. ఒక పుస్తకంలో ముసలి ఇంజన్ చెరుకు మోసిన రోజుల గురించి గొప్పలు చెప్పుకుంటుంది. ఇంకొకదాంట్లో బోధన్ బండి నిజామాబాద్ స్టేషన్‌లో పెద్ద బండ్లను చూసి సిగ్గుపడుతుంది. సారు రాసిన వాక్యం నచ్చకపోతే రాధాబాయి అక్కడికక్కడే కొట్టేయించేది.

"బండి గిట్ల మాట్లాడది సార్. గింత సాగదీస్తే లేటయితది" అనేది. సారు పెన్ను తీసి కొట్టేసేవాడు.

నాలుగో పుస్తకం దగ్గర ఆమె నోరు జారింది. ఆ కథలో ఒక మేకపిల్ల పట్టాల మీదికి వస్తుంది. అక్కడిదాకా చెప్పేసరికి ముందు వరుస పిల్లల కళ్లలో నీళ్లు తిరిగాయి. "సచ్చిపోతదా అవ్వా?" అని అడిగారు. పట్టాల మీద ఏం జరుగుతుందో రాధాబాయికి తెలిసినంతగా ఆ ఊళ్లో ఎవరికీ తెలియదు. అయినా ఆ మొహాలు చూసి మనసు ఒప్పలేదు.

"సావది. బండి సూసింది. 'దా బిడ్డా, ముందుగాల నువ్వు దాటు' అని ఆగింది" అనేసింది. పిల్లలు చప్పట్లు కొట్టారు. సారు అదే రాసి ఇరవై పుస్తకాలు చేశాడు. మండలంలోని బడులన్నిటికీ అచ్చు వేయించమని ఆ నెల చివరి శనివారం జరిగే మండల టీచర్ల మీటింగులో అడుగుదామనుకున్నాడు.

ఆ తరగతిలో రుచిత అని ఒక పిల్ల. చదవమంటే బెంచీ కింద దూరే రకం. ఎవరి సాయమూ లేకుండా మొదటి పేజీ నుంచి చివరిదాకా ఆ పిల్ల చదివిన మొట్టమొదటి పుస్తకం ఆ మేకపిల్ల కథే. వారం రోజులు దాన్ని చేతిలోంచి దింపలేదు.

బుధవారం బడి వదిలాక పోశయ్య ఆ పిల్ల చెయ్యి పట్టుకుని రాధాబాయి వాకిట్లోకి వచ్చాడు. రోజూ పట్టాల వెంట నడిచి బోల్టులు చూసుకునే కీమ్యాన్ అతను. మొహంలో నెత్తురు లేదు.

"అక్కా, చెరుకుతోట మలుపు కాడ పట్టాలకు ఆనుకొని నిలవడ్డది ఈ పిల్ల. బండి వచ్చే టైం. గుంజుకొచ్చిన."

"ఎందుకు పోయినవే?" అంది రాధాబాయి.

తప్పు చేసినట్టు లేదు రుచిత మొహం. చేతిలో పుస్తకం చూపించింది. "బండికి సదివి ఇనిపిద్దామని పోయిన. మేకపిల్లకే ఆగింది గద, నాకు ఆగదా అవ్వా?"

రాధాబాయి పిల్లను దగ్గరికి లాక్కుని గడప మీద కూర్చోబెట్టుకుంది. ఉద్యోగం చేసినన్నాళ్లూ ఆమె గేటు దగ్గర ఒక్క ప్రాణం పోలేదు. ఉద్యోగం దిగాక ఒక్క మాటతో ఈ పిల్లను పట్టాల దగ్గరికి తానే పంపింది. పోశయ్య తిట్టినా బాగుండేది. అతను లోపలికి పోయి మంచినీళ్లు తెచ్చి ఇచ్చాడు.

తెల్లారి బడి తాళం తీయకముందే ఆమె అక్కడ ఉంది. "ఆ పుస్తకాలన్నీ వాపస్ తీస్కోండ్రి సార్" అంది.

సారుకు మింగుడుపడలేదు. "పిల్లలు అడిగి మరీ చదివేది అదొక్కటే కదమ్మా. రైలు మాట్లాడుడే కల్పన. ఆగుడు కూడ కల్పనే అనుకుంటరు."

"మాట్లాడుడు అబద్ధం గాదు సార్. ఆగుడే అబద్ధం" అని నిన్నటి సంగతి చెప్పింది. సారు వెంటనే పుస్తకాలు పోగు చేశాడు. పంతొమ్మిది వచ్చాయి. రుచిత మాత్రం తన పుస్తకాన్ని గౌనులో దోపుకుని గోడకు ఆనుకుంది.

"నేనియ్య."

చిన్నపిల్ల దగ్గర్నుంచి గుంజుకోవడం ఎంతసేపు? కానీ గుంజుకుంటే ఈ పిల్ల మళ్లీ ఏ పుస్తకమూ ముట్టదు. వదిలేస్తే మళ్లీ ఆ మలుపు దగ్గరికి పోతుంది. రెండూ తెలుసు రాధాబాయికి. ఎక్కువసేపు ఆలోచించలేదు. "సార్, పిల్లలను రోడ్డు మీదికి తోల్కరాండ్రి" అంది.

పట్టాలకు కాస్త ఎడంగా, వాటి వెంటే పోయే తారురోడ్డు అది. ఒకసారి చెరుకు ట్రాక్టర్ గేటు మధ్యలో ఇరుక్కుంటే, ఆమె ఎర్రజెండాతో బండికి ఎదురు ఉరికింది. బండి డ్రైవరు బ్రేకు వేసిన చోటు నుంచి బండి ఆగిన చోటుకు ఎన్ని అడుగులో ఆమెకు ఇవ్వాళ్టికీ గుర్తే. పిల్లలను వరుసగా నిలబెట్టింది.

"మనమే బండి. రుచిత డ్రైవరు. అగో, గా తుమ్మచెట్టు కాడ మేకపిల్ల ఉన్నది. బ్రేకు కొట్టు."

రుచిత పళ్లు బిగించి బ్రేకు కొట్టింది.

"ఇగ నడువుండ్రి. లెక్కపెట్టుండ్రి. బండి ఏడ ఆగుతదో నేను చెప్త."

యాభై అడుగులకే తుమ్మచెట్టు వచ్చింది. రుచిత ఆగిపోయింది. "మేకపిల్ల గీడనే ఉన్నది గద అవ్వా."

"ఉన్నది. బండి ఆగలే. నడువు."

వంద అయింది. రెండు వందలయింది. "ఆగిందా?" అని పిల్లలు, "ఆగలే" అని ఆమె. నాలుగు వందలు దాటాక పిల్లలు చెప్పులు ఈడుస్తున్నారు. అడగడం మానేశారు. సారు లెక్క ఆరు వందలకు చేరాక "గీడ ఆగింది" అంది రాధాబాయి. అందరూ వెనక్కి తిరిగారు. తుమ్మచెట్టు కొత్తిమీర కట్టంత కనబడుతోంది.

రుచిత ఆమె వైపు తిరిగింది. "మరి ఆగిందని ఎందుకు జెప్పినవ్?"

స్టేషన్ మాస్టర్ల ముందు కూడా ఎన్నడూ తల వంచని మనిషి రోడ్డు మీద మోకాళ్ల మీద కూర్చుంది. "మీరు ఏడుస్తుంటె సూడలేక అబద్ధం జెప్పిన బిడ్డా. తప్పు నాదే."

"మల్ల మేకపిల్ల?"

"నువ్వే జెప్పు. బండితోని ఆగుడు గాదు. అప్పుడు బండి ఏమనాలె?"

రుచిత ఆలోచించింది. గౌనులోంచి పుస్తకం తీసి, నలిగిన చివరి పేజీ తెరిచి సారుకు అందించింది. "'నేను ఆగలేను, నువ్వే దుంకు' అనాలె. మేకపిల్ల దుంకింది. గట్ల రాయుండ్రి సార్."

సారు మోకాలి మీద పెట్టుకుని అట్లాగే రాశాడు. శనివారం మీటింగులో చూపించింది ఆ పుస్తకాన్నే. అచ్చు వేయడానికి ఒప్పుకున్నారు.

జూన్‌లో ఒకటో తరగతికి కొత్త పిల్లలు వచ్చారు. ఒకటీ రెండూ ఒకే గదిలో. రాధాబాయి కుర్చీ వేసుకుని మేకపిల్ల కథ మొదలుపెట్టింది. ముందు వరుసలో ఒక బక్క పిల్లవాడు ఏడుపు మొహం పెట్టి, "బండి ఆగుతది గద అవ్వా?" అన్నాడు. వాడి కళ్లు నిండాయి. ఆమె మనసు మళ్లీ జారబోయింది. ఏం చెప్పాలో తేల్చుకునేలోపు రెండో తరగతి వరుసలోంచి రుచిత తల కూడా ఎత్తకుండా జవాబిచ్చింది.

"ఆగది. మనమే జరుగాలె."

రాధాబాయి నోరు మూసుకుని పేజీ తిప్పింది.