ఫెయిర్ కాపీ

నేను సిడ్నీలో నర్సుగా చేరిన రెండేళ్ళకో మూడేళ్ళకో, మా క్వేకర్స్ హిల్ తెలుగువాళ్ళకి సినిమా పిచ్చి పట్టింది. మాలో ఒకాయన వీడియో కెమెరా కొన్నాడు. కొన్నవాడు ఊరుకుంటాడా? అందరి పిల్లల పుట్టినరోజులూ తీయడం అయిపోయాక, మనమే ఒక తెలుగు సినిమా తీద్దామన్నాడు. రచయిత కోసం వెతుక్కోనక్కర్లేదు. మా వెనక వీధిలో కొడుకు దగ్గర ఉంటున్న పెద్దాయన, మద్రాసులో టాకీలు కొత్తగా వస్తున్న రోజుల్లో సినిమాలకి మాటలు రాసినవాడు.

రాసినవాడంటే, ఫెయిర్ కాపీ రాసినవాడు. ఒక పేరున్న రచయిత పడక్కుర్చీలో కూర్చుని చెబుతుంటే ఈయన చాపమీద కూర్చుని రాసేవాడట. ఏళ్ళతరబడి అదే పని. అన్ని సినిమాల్లో ఒక్కదానిలోనూ తెరమీద ఆయన పేరు పడలేదు. ఈ సంగతి నవ్వుతూనే చెప్పేవాడు గానీ, ఇంటికి ఎవరొచ్చినా చెప్పేవాడు. మా సినిమా మాట చెప్పగానే ఆయన అడిగింది ఒక్కటే, టైటిల్స్ ఉంటాయా అని. ఉంటాయన్నాం. అయితే ఆ పేర్లు వేసే అట్టలు తనే రాస్తానన్నాడు. డెబ్బై దాటిన మనిషి, కొత్త చొక్కా కొనిపెడతామన్న పిల్లాడిలా వెలిగిపోయాడు.

మాటలు మాత్రం రాయనన్నాడు. చెబుతాడట, ఎవరైనా రాసుకోవాలట. అన్నేళ్ళు ఇంకొకరికి రాసిపెట్టినవాడికి తనకీ ఒకరు రాసిపెట్టాలని ఉండదా? చర్చిలో పాటల కాగితాలు రాసేదాన్నని ఆ పని నా నెత్తిన పడింది. మార్నింగ్ షిఫ్టు దిగి, కాళ్ళు పీకుతుంటే వెళ్ళి వాళ్ళ పెరట్లో ప్లాస్టిక్ కుర్చీలో కూర్చునేదాన్ని. ఆయన గొడుగులా విచ్చుకుని గుండ్రంగా తిరిగే బట్టలతీగ చుట్టూ తిరుగుతూ చెప్పేవాడు. ఆడవేషం మాటలు రాగానే తీగమీది తువ్వాలు లాగి నెత్తిన కప్పుకునేవాడు. పక్కింటి ఆస్ట్రేలియా ఆవిడ కంచె మీంచి చూసి పలకరిస్తే, తువ్వాలుతోనే నమస్కారం పెట్టేవాడు.

కథ బాగానే ఉంది. డ్రైవింగ్ టెస్టు మూడోసారి తప్పిన మొగుడు ఆ సంగతి పెళ్ళాం దగ్గర దాచిపెడతాడు. కానీ ఆ మాటలు! మొగుడు మొహం వేలాడేసుకుని ఇంటికొస్తే పెళ్ళాం, "ప్రాణనాథా! మీ వదనారవిందమున ఈ విషాదచ్ఛాయ ఏల?" అనాలి. నాకసలే ఓపిక తక్కువ. ఇంటికెళ్ళి ఫెయిర్ కాపీ రాస్తూ ఆ వాక్యం కొట్టేసి, "మళ్ళీ పోయిందా?" అని రాశాను. ఒకటి మార్చాక చెయ్యి ఊరుకుంటుందా? పేజీకి నాలుగైదు మార్చాను. ఆయనకి చత్వారం, నా సన్న అక్షరాల కాగితం చూడడు కదా అని నా ధైర్యం.

షూటింగు రోజున ఆయన మడతకుర్చీలో ముందే కూర్చున్నాడు. "మళ్ళీ పోయిందా?" అనగానే అందరూ పగలబడి నవ్వారు. ఆయన నావైపు ఒకసారి చూశాడు. టీ తాగాడు. చెవుడు కూడా ఉందేమో, బతికిపోయాననుకున్నాను.

సినిమా వేయడానికి శనివారం మధ్యాహ్నం స్కూలు హాలు అద్దెకి తీసుకున్నాం. అయిదింటికి తాళం వేస్తానని కేర్‌టేకర్ గట్టిగా చెప్పాడు కాబట్టి మూడున్నరకి మొదలుపెట్టాలి. అందరికీ మూడున్నర అనే చెప్పాం. తెలుగువాళ్ళకి మూడున్నర అని చెబితే మూడున్నరకి తలస్నానం మొదలుపెడతారని తెలిసీ, రెండున్నర అని చెప్పకపోవడం మా తప్పు. పెద్దాయన మూడింటికే ఇస్త్రీ కోటు వేసుకుని వచ్చి ముందువరసలో కూర్చున్నాడు. మూడున్నరకి హాల్లో ఉన్నది ఆయన, నేను, కెమెరా ఆయన, తాళాలగుత్తితో కేర్‌టేకర్. మిగతావన్నీ ఖాళీ కుర్చీలు. ఇంకో పది నిమిషాలు చూశాం. కేర్‌టేకర్ గడియారం చూపించాడు. కెమెరా ఆయన నొచ్చుకుంటూనే టేపు మీట నొక్కాడు.

నాకు ఏడుపొచ్చినంత పనైంది. ఇన్నేళ్ళకి ఆ మనిషి పేరు పడుతుంటే చూడ్డానికి పట్టుమని పదిమంది లేరు. ఆలస్యంగా వచ్చినవాళ్ళని గుమ్మంలోనే కడిగేద్దామని మనసులో మాటలు కూర్చుకుంటున్నాను. నీలం అట్టమీద తెల్లరంగుతో 'మాటలు' అని వచ్చింది. కింద ఆయన పేరు. దాని కింద, అంతే పెద్ద అక్షరాల్లో, నా పేరు.

ఆయన తెరమీంచి కళ్ళు తిప్పకుండానే అన్నాడు. "నేనూ అలాగే దిద్దేవాణ్ణమ్మా. నేను దిద్దిన మాటలకే హాల్లో చప్పట్లు పడేవి. మా గురువుగారికి తెలుసు. తెలిసీ ఊరుకున్నారు."

వెనక కేర్‌టేకర్ మర్యాదకి రెండు చప్పట్లు కొట్టాడు. పెద్దాయన లేచి, కోటు సర్దుకుని, ఆ ఒక్కడికీ వంగి నమస్కారం పెట్టాడు.

నాలుగు కావస్తుండగా జనం దిగారు, పట్టుచీరలతో, సమోసా డబ్బాలతో. టైటిల్స్ అయిపోయాయా అని ఒకావిడ తీరిగ్గా అడిగింది. కేర్‌టేకర్ దగ్గరికెళ్ళి నా ఇంగ్లీషంతా ఖర్చుపెట్టి ఇంకో అరగంట బతిమాలుకున్నాను. టేపు ఆపించి, నేనే దగ్గరుండి మొదటికి తిప్పించాను. పెద్దాయన కోసం ఎంత తాపత్రయపడిందో చూడు అని అందరూ నన్ను మెచ్చుకున్నారు. నేనూ కాదనలేదు. అబద్ధమెందుకు, నా పేరు ఇంకోసారి చూసుకోవాలనిపించింది.